శబ్దమార్గాల్లో కాలయానం: కథకు సరిపడే కల్పిత వ్యవస్థను నిర్మించడం ఎలా

శబ్దాన్ని ఆధారం చేసుకొని ఒక కాలం నుంచి మరొక కాలానికి చేరే మార్గాలను, వాటిని కలిపే స్టేషన్లను, ఆ స్టేషన్లను నడిపే మనుషులను కల్పించి కథగానో, రేడియో నాటకంగానో, ధారావాహిక పాడ్‌కాస్ట్‌గానో రాయదలచుకున్నవారి కోసం ఈ వ్యాసం. అటువంటి మార్గాలు వాస్తవంలో లేవు. అయితే శబ్దం ఎలా పుడుతుంది, ఎలా సాగుతుంది, ఎక్కడ నిలుస్తుంది, ఎలా అణగిపోతుంది అన్న విషయాలను భౌతికశాస్త్రం చాలావరకు తేల్చి చెప్పింది. వాటిని పక్కన పెట్టి రాస్తే మీ శబ్దమార్గం దీపాలు మిణుకుమనే మామూలు కాలయంత్రానికి మరో పేరు మాత్రమే అవుతుంది. శబ్దానికి ఉన్న ఒక్కొక్క బలహీనతను తీసుకొని మీ వ్యవస్థకు ఒక్కొక్క చట్టంగా మార్చడమే ఇక్కడ చెప్పబోయే పద్ధతి.

నిజానికి మన చెవిన పడే ప్రతి శబ్దమూ కొంత పాతదే. మెరుపు కనిపించిన ఆరు సెకన్లకు ఉరుము వినిపించిందంటే, దాదాపు రెండు కిలోమీటర్ల అవతల ఆరు సెకన్ల కిందట జరిగినదాన్ని మనం ఇప్పుడు వింటున్నామన్నమాట. 1883 ఆగస్టు 27న ఇండోనేషియాలోని క్రకటోవా అగ్నిపర్వతం బద్దలైనప్పుడు ఆ చప్పుడు హిందూ మహాసముద్రంలో సుమారు 4,800 కిలోమీటర్ల దూరాన ఉన్న రోడ్రిగ్స్ దీవిని చేరడానికి దాదాపు నాలుగు గంటలు పట్టింది. అక్కడ విన్నవారికి అది దూరాన పేలుతున్న ఫిరంగుల మోతలా తోచింది. శబ్దం ఆలస్యంగా వస్తుంది, వచ్చేటప్పటికి రూపు మారి వస్తుంది, విన్నవాడు దాన్ని తనకు తెలిసిన మరో శబ్దంగా పొరబడతాడు. మీ కల్పనకు కావలసిన ముడిసరుకంతా ఈ ఒక్క సంఘటనలో ఉంది.

మొదటి అడుగు: ఏది ప్రయాణిస్తుందో తేల్చుకోండి

గాలిలో శబ్దం సాగుతున్నప్పుడు గాలి ఒక చోటి నుంచి మరో చోటికి తరలిపోదు. గాలి కణాలు ఉన్నచోటనే ముందుకూ వెనక్కూ ఊగి, ఆ ఊపును పక్క కణాలకు అందిస్తాయి. శబ్దం పదార్థాన్ని మోయదు, కదలిక తీరును మాత్రమే మోస్తుంది. అందువల్ల మీ కథానాయకుడు శబ్దమార్గంలో సశరీరంగా 17వ శతాబ్దానికి వెళ్లి గుర్రమెక్కాడని రాస్తే, మీరు ఎంచుకున్న వాహనం ఆ బరువును మోయలేదని శ్రద్ధగల పాఠకుడు వెంటనే గుర్తుపడతాడు.

ప్రయాణికుడి శరీరాన్ని ఇక్కడే ఉంచి, అతని చెవినీ గొంతునూ మాత్రమే అవతలికి పంపడం మంచిది. అతడు అక్కడి మాటలు వినగలడు, తన మాట వినిపించగలడు, అంతకు మించి ఏమీ చేయలేడు. అక్కడివారికి అతడు కనిపించడు. ఖాళీ గదిలోంచి మాట వినిపిస్తుంది కనుక వాళ్లు దాన్ని అశరీరవాణి అనుకుంటారు. కొందరు మొక్కుతారు, కొందరు భూతవైద్యుణ్ణి పిలిపిస్తారు. ధారావాహిక రాస్తున్నట్లయితే, శరీరాన్ని కూడా పంపమని శ్రోతలు మూడో భాగానికే ఒత్తిడి తెస్తారు. లొంగకండి. చూడలేని, తాకలేని ప్రయాణికుడి నిస్సహాయతలోనే ఈ తరహా కథకు పట్టు ఉంటుంది.

రెండో అడుగు: ఒకే ఒక అబద్ధాన్ని ఎంచుకోండి

కాల్పనిక విజ్ఞానంలో ఒక అబద్ధాన్ని పాఠకుడు సంతోషంగా క్షమిస్తాడు, రెండోదాన్ని అనుమానిస్తాడు. ఆ ఒక్కదాన్ని ఎక్కడ పెట్టాలో తెలియాలంటే, శబ్దాన్ని వెనక్కి నడిపించే విషయంలో శాస్త్రం నిజంగా ఎంతవరకు వెళ్లిందో ముందు చూడాలి.

ఫ్రాన్సుకు చెందిన భౌతికశాస్త్రవేత్త మథియాస్ ఫింక్ బృందం 1990ల దశకంలో కాలవిపర్యయ దర్పణం అనదగిన పరికరాలను తయారు చేసింది. ఒక చోట పుట్టిన శబ్దాన్ని చుట్టూ అమర్చిన అనేక గ్రాహకాలతో నమోదు చేసి, చివర వచ్చినది ముందు వెలువడేటట్లు తిరగేసి వదిలితే, ఆ తరంగాలు తాము వచ్చిన దారులన్నిటినీ తిరిగి పట్టుకొని, మొదట పుట్టిన చోటనే వచ్చి కేంద్రీకృతమవుతాయి. తరంగ సమీకరణంలో కాలాన్ని తిరగేసినా సమీకరణం మారకపోవడమే ఇందుకు కారణం. ఇంకా విశేషమేమిటంటే, శబ్దం అనేక పర్యాయాలు గోడలకు తగిలి తిరిగే మూసిన ఆవరణంలో అయితే ఒక్క గ్రాహకంతోనే ఈ పని చాలావరకు సాధ్యమవుతుంది, ఎందుకంటే అన్ని దిక్కుల సమాచారమూ ఆ ఒక్క బిందువు దగ్గరకు ఏదో ఒక సమయంలో చేరుతుంది. కథకుడికి ఇది పెద్ద కానుక. ప్రతిధ్వనులతో మార్మోగే రాతిగది కాలయానానికి అనువైన చోటని చెప్పడానికి మీరు మంత్రతంత్రాలను ఆశ్రయించనక్కరలేదు.

ఇందులో వెనక్కి తిరిగేది తరంగమే గాని కాలం కాదు. పైగా శబ్దం నిలవదు. హార్వర్డ్ విశ్వవిద్యాలయంలో కొత్తగా కట్టిన ఒక ఉపన్యాసశాలలో మాటలు స్పష్టంగా వినిపించడం లేదని ఫిర్యాదు వస్తే, 1895లో వాలెస్ సెబైన్ అనే యువ అధ్యాపకుడు ఆ పని చేపట్టి, అక్కడ పలికిన మాట ఐదున్నర సెకన్ల దాకా గదిలో తిరుగుతోందని కొలిచాడు. తర్వాత పక్క శాల నుంచి కుర్చీల మెత్తలు మోయించి తెచ్చి, ఎన్ని మెత్తలు వేస్తే శబ్దం ఎంత త్వరగా అణగుతోందో రాత్రుళ్లు కూర్చొని లెక్కకట్టాడు. గది ఘనపరిమాణాన్ని బట్టి, శబ్దాన్ని పీల్చే ఉపరితలాలను బట్టి ప్రతినాద కాలం, అంటే గదిలో శబ్దం అణగడానికి పట్టే సమయం, ఎంతో చెప్పే సూత్రం ఆ కృషి నుంచే వచ్చింది. ఎంత మార్మోగే గదిలోనైనా శబ్దం చివరికి వేడిగా మారి గోడల్లో, గాలిలో కలిసిపోతుందన్నది వాస్తవం.

మీ అబద్ధాన్ని సరిగ్గా ఇక్కడ పెట్టండి: గోడలు శబ్దాన్ని పూర్తిగా మరిచిపోవు. వేడిగా మారిన తర్వాత కూడా దాని జాడ రాతిలో ఎంతో సూక్ష్మంగా మిగిలి ఉంటుంది, తగిన స్వరంతో తట్టినప్పుడు ఆ జాడ కాలవిపర్యయ దర్పణం మాదిరిగా దారి తెరుస్తుంది. ఈ ఒక్కటి ఒప్పుకున్న పాఠకుడికి తక్కినదంతా తర్కబద్ధంగా కనిపించాలి.

మూడో అడుగు: స్టేషన్లను ఏరుకోండి

పై నియమం నుంచి స్టేషను లక్షణాలు వాటంతట అవే వస్తాయి. అది రాతి కట్టడమై ఉండాలి, ప్రతిధ్వని బలంగా ఉండాలి, కట్టిన నాటి నుంచి ఆకారం పెద్దగా మారకుండా ఉండాలి. ముఖ్యంగా, ఆ కట్టడం పూర్తయిన సంవత్సరానికి ముందు కాలానికి ఆ స్టేషను నుంచి ఎవరూ వెళ్లలేరు. ఈ హద్దును ఎప్పుడూ సడలించకండి. డైనోసార్ల దగ్గరకు వెళ్లడం వంటి చిల్లర ప్రలోభాలన్నీ దీనితో తొలగిపోతాయి.

తెలుగు పాఠకులకు మొదట స్ఫురించేది గోల్కొండే. ప్రవేశద్వారం దగ్గరి గుమ్మటం కింద నిర్ణీత స్థానంలో నిలబడి చప్పట్లు కొడితే, దాదాపు కిలోమీటరు దూరాన, కొండ కొసన ఉన్న బాలాహిస్సార్ మండపంలో వినిపిస్తుంది. గైడ్లు రోజూ చేసి చూపే విద్యే ఇది. గాలిలో శబ్దవేగం 20 డిగ్రీల సెల్సియస్ దగ్గర సెకనుకు 343 మీటర్లు కనుక, కింద కొట్టిన చప్పట్లు పైకి చేరడానికి మూడు సెకన్లు పడుతుంది. ఒకే కోటలో రెండు చివరలున్న స్టేషను మీకు దొరికినట్లే: కింద పలికేవాడు, పైన వినేవాడు, మధ్యలో మూడు సెకన్లు.

రెండో స్టేషనుగా విజయపురలోని గోల్ గుంబజ్‌ను తీసుకోండి. మహమ్మద్ ఆదిల్ షా సమాధిగా 1656లో పూర్తయిన ఆ కట్టడంలో, గుమ్మటం లోపలి అంచున ఉన్న వసారాలో ఒకవైపు గోడ దగ్గర గుసగుసగా అన్న మాట ఎదుటివైపు గోడ దగ్గర స్పష్టంగా వినిపిస్తుంది. వంపు తిరిగిన గోడను అంటిపెట్టుకొని శబ్దం పాకుతూ పోవడమే దీనికి కారణం. విశాఖపట్నంలో చదువుకున్న సి.వి. రామన్ 1920ల తొలినాళ్లలో ఇటువంటి గుసగుసల వసారాలను పరిశీలించి పత్రం రాశారు. ఆయనను పాత్రగా చేయాలన్న ఆశ కలిగితే కొంచెం ఆగండి, కథకు నిజంగా అవసరమైతే తప్ప చారిత్రక వ్యక్తుల నోట సొంత మాటలు పెట్టకపోవడం మేలు.

మూడో స్టేషను కొంచెం చిక్కైనది, అందుకే నాకు ఎక్కువ ఇష్టం. నాగార్జునకొండ లోయలో 1954 నుంచి 1960 దాకా జరిగిన తవ్వకాల్లో ఇక్ష్వాకుల కాలపు ప్రేక్షాగారం, అంటే జనం కూర్చొని ప్రదర్శనలు చూసే కట్టడం, బయటపడింది. నాగార్జునసాగర్ జలాశయం లోయను ముంచెత్తబోతుండడంతో దాన్ని అనుపు దగ్గర ఒడ్డున పునర్నిర్మించారు. ఇప్పుడు మీ చట్టం ఏమంటుంది? ఆకారాన్ని తిరిగి అమర్చారు, కాని చుట్టూ ఉన్న లోయ లేదు, కింద ఉన్న నేల లేదు. అసలు స్థలం నీటి అడుగున ఉంది, నీటిలో శబ్దం గాలిలో కంటే నాలుగు రెట్లకు పైగా వేగంగా పోతుంది. అనుపులో తట్టితే 1,700 ఏళ్ల కిందటి ప్రేక్షకుల కోలాహలం వినిపించవచ్చు, కాని ఎక్కడో నీళ్ల అడుగు నుంచి వస్తున్నట్టుగా, తొందరతొందరగా, ఒక్క మాటా పట్టుబడకుండా వినిపిస్తుంది. ఈ స్టేషన్ను సమాచారం కోసం కాక ఒక్క సన్నివేశం కోసం వాడుకోండి.

నిత్యపూజలు జరిగే ఆలయాలను, నమాజు జరిగే మసీదులను స్టేషన్లుగా చేయకపోవడం మంచిది. మర్యాద సంగతి అటుంచినా, జనం నిండిన చోట శబ్దం నిలవదు. మనిషి దేహమూ, ఒంటిమీది బట్టలూ సెబైన్ మెత్తల్లాగానే శబ్దాన్ని పీల్చేస్తాయి.

నాలుగో అడుగు: తాళంచెవిని తయారు చేయండి

ప్రతి గదికీ తనవైన సహజ పౌనఃపున్యాలు, అంటే ఆ గది ప్రత్యేకంగా నిండుగా మోగించే కంపనాల వేగాలు, ఉంటాయి. స్నానాలగదిలో పాడుకునేవారికి కొన్ని స్వరాలు మాత్రం హఠాత్తుగా నిండుగా మోగడం అనుభవమే. ఎదురెదురు గోడల మధ్య 5 మీటర్ల దూరం ఉన్న గదిని తీసుకుంటే, ఆ దిశలో సహజ పౌనఃపున్యాలు సుమారు 34, 69, 103 హెర్ట్జ్‌లుగా (సెకనుకు అన్ని కంపనాలుగా) పెరుగుతూ పోతాయి. వీటిలో మూడోది మగవారి మంద్రస్థాయికి అందుతుంది. కాబట్టి దారి తెరిచేది మీటలు నొక్కే సాంకేతిక నిపుణుడు కాదు, గది శ్రుతిని చెవితో పట్టి దానికి గొంతు కలపగల మనిషి. అతణ్ణి తంబురా శ్రుతి చేయడంలో ఆరితేరిన సంగీత ఉపాధ్యాయుడిగా చేయండి, నాదస్వర విద్వాంసుడిగా చేయండి, లేదా కోటలో పుట్టి పెరిగి ఏ మూల ఏ ధ్వని పలుకుతుందో ఎరిగిన కాపలాదారు కూతురిగా చేయండి.

గాలి వేడెక్కితే శబ్దవేగం పెరుగుతుందన్నది మీ చట్టాల్లో అన్నిటికంటే ఉపయోగపడేది కావచ్చు. డిగ్రీకి సెకనుకు సుమారు 0.6 మీటర్ల చొప్పున పెరుగుదల ఉంటుంది కనుక, 15 డిగ్రీల పుష్యమాసపు తెల్లవారుజామున సెకనుకు 340 మీటర్లు ఉన్న వేగం 40 డిగ్రీల వైశాఖ మధ్యాహ్నానికి 355 దాటుతుంది. గది శ్రుతి కూడా అదే నిష్పత్తిలో, నాలుగు శాతానికి పైగా హెచ్చుతుంది. పక్కపక్కనే ఉన్న రెండు స్వరస్థానాల మధ్య తేడా ఆరు శాతానికి కొంచెం తక్కువ కాబట్టి, సుశిక్షితమైన చెవికి ఇది పెద్ద తేడాయే. దీని నుంచి ఒక అందమైన నియమాన్ని తీయవచ్చు. గతంలోని చలికాలపు వేకువను చేరాలంటే ఇక్కడ కూడా చలికాలపు వేకువ దాకా ఆగాలి. వేసవిలో మరణించిన తండ్రి గొంతు వినాలనుకునే కొడుకు తర్వాతి వేసవి దాకా ఎదురుచూడవలసిందే, అప్పుడైనా ఆకాశం మబ్బు పట్టి వేడి తగ్గితే ఆ ఏడు పోయినట్లే.

శ్రుతి కొద్దిగా తప్పినా దారి తెరుచుకుంటే ఏమవుతుందో చెప్పడానికి ఒక నిజమైన ఉదాహరణ ఉంది. ఫ్రాన్సులో లియోన్ స్కాట్ 1860 ఏప్రిల్ 9న మసి పూసిన కాగితం మీద ఒక జానపద గీతం తాలూకు శబ్దతరంగాల గీతలను నమోదు చేశాడు. దాన్ని తిరిగి వినిపించే సాధనం అప్పటికి లేదు. 2008లో పరిశోధకులు ఆ గీతలను కంప్యూటరు సాయంతో శబ్దంగా మార్చినప్పుడు మొదట ఒక బాలిక పాడుతున్నట్లు అనిపించింది. తర్వాత అసలు వేగానికి రెట్టింపుతో వినిపించారని తేలి, వేగాన్ని సరిచేస్తే మగవాడి గొంతు పలికింది. బహుశా అది స్కాట్‌దే. మీ వ్యవస్థలో శ్రుతి తప్పిన కొడుకు తండ్రి కోసం వెదుకుతూ, ఎదురుగా పలుకుతున్నది ఎవరో ఆడపిల్ల అనుకొని దారి మూసేసుకోవచ్చు.

ఐదో అడుగు: ఆలస్యాన్ని లెక్కకట్టండి

కాలదూరానికి తగిన ఆలస్యం ఉండాలి, అది రచన మొదలుపెట్టక ముందే అంకెల్లో తేలాలి. వంద సంవత్సరాలకు పది సెకన్లు అనుకుందాం. గోల్కొండ మొగలుల వశమైన 1687కు ఇప్పటి నుంచి మాట చేరడానికి దాదాపు 34 సెకన్లు, జవాబు తిరిగి రావడానికి మరో 34 సెకన్లు పడుతుంది. గల్ఫుకో అమెరికాకో ఉపగ్రహం మీదుగా మాట్లాడిన రోజుల్లో అర సెకను ఎడం వల్లనే ఇద్దరూ ఒకేసారి మాట్లాడి, ఒకేసారి ఆగి, మళ్లీ ఒకేసారి మొదలుపెట్టేవారు. నిమిషానికి పైబడిన ఎడంలో మనుషులు ఎలా పోట్లాడుకుంటారో, ఎలా క్షమాపణ చెప్పుకుంటారో రాసి చూడండి. సంభాషణ ఉత్తరాల ధోరణిలోకి మారిపోతుంది.

స్టేషన్ల నడుమ దారులకు సముద్రం నుంచి నమూనా తీసుకోవచ్చు. సముద్రంలో ఒక లోతు దగ్గర శబ్దవేగం అన్నిటికంటే తక్కువగా ఉంటుంది. ఆ పొరలో పుట్టిన శబ్దం పైకి పోబోయినా, కిందికి పోబోయినా వంగి తిరిగి ఆ పొరలోకే వస్తుంది కనుక ఎక్కువగా చెదరకుండా వేల కిలోమీటర్లు సాగిపోతుంది. 1960లో ఆస్ట్రేలియాలోని పెర్త్ దగ్గర సముద్రంలో చేసిన పేలుళ్లు భూగోళానికి దాదాపు ఆవలి వైపున ఉన్న బెర్ముడా దగ్గర మూడున్నర గంటలు దాటాక వినిపించాయి. మీ కథలో దక్కను రాతిపొరల్లో అటువంటి ఇరుకు దారి ఒకటి ఉందనుకోండి. గోల్కొండ నుంచి విజయపుర సరళరేఖలో సుమారు 300 కిలోమీటర్లు. రాతిలో శబ్దం సెకనుకు ఐదు కిలోమీటర్ల వంతున పోతుందనుకుంటే నిమిషంలో చేరుతుంది, అదే గాలిలో అయితే పావుగంట పడుతుంది. స్టేషన్ల మధ్య దూరాలను ఇలా సెకన్లలోకి మార్చి ఒక పటం గీసి బల్లమీద పెట్టుకోండి.

ఆరో అడుగు: దారిలో ఏ అక్షరాలు రాలిపోతాయో నిర్ణయించండి

నా దృష్టిలో మొత్తం నిర్మాణానికి ఇదే ఆయువుపట్టు. దూరం పెరిగేకొద్దీ గాలి హెచ్చు పౌనఃపున్యాలను ఎక్కువగా పీల్చేస్తుంది, తగ్గు పౌనఃపున్యాలను అంతగా పట్టించుకోదు. దగ్గరి పిడుగు ఫెళ్లుమంటే దూరపు ఉరుము గుడగుడమని మాత్రమే వినిపించడానికి ఇది ఒక కారణం. మనిషి మాటలో అచ్చుల బలమంతా ప్రధానంగా తగ్గు పౌనఃపున్యాల్లో ఉంటుంది. స, ష, చ, త, క వంటి హల్లులను గుర్తుపట్టించేది హెచ్చు పౌనఃపున్యాల్లోని కొద్దిపాటి శక్తి. కాబట్టి శతాబ్దాల దారిలో ముందుగా రాలిపోయేవి ఆ హల్లులే. అచ్చులు మిగులుతాయి, వాటితోపాటు మ, న, ల, వ, య వంటివి కొంతవరకు మిగులుతాయి.

ఇప్పుడు 1687 సెప్టెంబరుకు రండి. ఎనిమిది నెలల ముట్టడి తర్వాత కూడా లొంగని గోల్కొండలోకి ఔరంగజేబు సేనలు ఒక రాత్రి ప్రవేశించగలిగింది లోపలివారు తలుపు తీయడం వల్లనే. మీ కథానాయిక ఆ సంగతి చదువుకున్నది. ఆ రాత్రికి సరిపడే ఉష్ణోగ్రత దొరికిన ఒక వానాకాలపు రాత్రి గుమ్మటం కింద నిలబడి, అవతల కాపలా ఉన్న తెలుగు సిపాయికి వినపడేటట్లు "తలుపు తీయకండి" అని కేక వేసింది. 34 సెకన్ల దారిలో "క" రాలిపోయింది. అతనికి వినిపించినది "తలుపు తీయండి". గ్రాంథికంలో "తీయకుడు" అని హెచ్చరించినా "తీయుడు" అనే వినిపించి ఉండేది. రాకండి, పోకండి, వదలకండి అన్న ప్రతి వారింపూ ఒక్క హల్లు జారితే ఆజ్ఞగా మారిపోతుంది. చరిత్రను మార్చబోయినవారి మాటే చరిత్రను జరిపించిందన్న మలుపు కాలయాన కథల్లో పాతదే కావచ్చు, కాని ఇక్కడ అది విధివిలాసంగా కాక శబ్దధర్మంగా, తెలుగు వ్యాకరణంగా జరుగుతుంది. చరిత్ర నమోదు చేసినది ఏదీ మారదు, గతమూ వర్తమానమూ ఢీకొనే తలనొప్పి మీకు ఉండదు.

ఇటువంటి ప్రమాదాలను ఎరిగిన వ్యవస్థ నియమాలు పెట్టుకొని ఉండాలి కదా. వ్యతిరేకార్థక క్రియతో సందేశం పంపరాదన్నది మొదటి నియమం. "తీయకండి" అనరాదు, "మూసి ఉంచండి" అనాలి. రెండో నియమానికి వేదపాఠ సంప్రదాయం అక్కరకు వస్తుంది. జటపాఠంలో రెండు పదాలను వరుసగా ఒకసారి, తిరగేసి ఒకసారి, మళ్లీ వరుసగా ఒకసారి పలుకుతారు. ఘనపాఠంలో ఈ అల్లిక మూడు పదాలకు విస్తరిస్తుంది. ఒక చోట అక్షరం జారినా మరో చోట పట్టుబడే ఏర్పాటు అది. మీ స్టేషను మనిషి "తలుపు మూయండి, మూయండి తలుపు, తలుపు మూయండి" అని పలికితే అవతలివాడు ఏ భాగాన్ని పోగొట్టుకున్నా మిగిలినదానితో పూరించుకోగలడు. శిక్షణ పొందినవాడు ఈ పద్ధతి తప్పడు. నియమం తెలిసి కూడా, భయంలో, ప్రేమలో, తొందరలో మామూలుగా కేక వేసినవారి వల్లనే కథ నడుస్తుంది.

ఏడో అడుగు: రొదను కూడా పాత్రగా చేర్చండి

రెండు శబ్దాలు ఒకేచోట కలిసినప్పుడు ఒకదానితో ఒకటి కలిసిపోతాయి, కొన్ని బిందువుల దగ్గర ఒకదాన్నొకటి రద్దు చేసుకుంటాయి. ఇద్దరు ప్రయాణికులు ఒకే స్టేషనులో ఒకేసారి పలికితే గదిలో ఎక్కడో ఒక చోట ఎవరి మాటా వినిపించని మచ్చ ఏర్పడుతుంది. వినవలసినవాడు సరిగ్గా అక్కడే నిలబడి ఉన్నాడంటే అది మీ అదృష్టం.

బయటి రొద విషయంలో మన ఊళ్లు కథకుడికి కొరత రానివ్వవు. వినాయక చవితి నుంచి నిమజ్జనం దాకా హైదరాబాదు స్టేషను పనిచేయదని ఒక్క వాక్యంలో చెప్పి వదిలేయవచ్చు. 2000 సంవత్సరపు శబ్దకాలుష్య నియమాల ప్రకారం రాత్రి 10 గంటల నుంచి ఉదయం 6 దాకా లౌడ్‌స్పీకర్లపై నిషేధం ఉంది కాబట్టి, మీ మార్గాల వేళలు కూడా అవే కావడం సహజం. ఆ వేళ కోట మూసి ఉంటుంది కనుక కాపలాదారు సాయం తప్పనిసరి అవుతుంది.

గోల్కొండలో సాయంత్రం పూట ధ్వని కాంతి ప్రదర్శన జరుగుతుంది; కుతుబ్ షాహీల కథను గంభీరమైన గొంతుతో పెద్ద పెద్ద స్పీకర్లలో వినిపిస్తారు. ఏదో ఒక రోజు ఆ ధ్వనిలోని ఒక స్వరం గది శ్రుతితో అనుకోకుండా కలిసి, దారి కొద్దిగా తెరుచుకుంటే, ముట్టడిలో ఉన్న కోట జనం తమ పతనం గురించి ఆకాశం నుంచి ఎవరో నెమ్మదిగా, అలంకారయుక్తంగా వర్ణిస్తుండగా వింటారు. ఇది నేను వాడుకోవడం లేదు, కావలసినవారు తీసుకోవచ్చు.

ఎనిమిదో అడుగు: చెవికి రాసి, చెవితో సరిచూడండి

శ్రవ్యనాటకంగా చేయదలిస్తే స్టేషను శబ్దాన్ని ఊహించనక్కరలేదు, తెచ్చుకోవచ్చు. అనుమతి ఉన్న చోట, జనం లేని వేళ, గట్టిగా ఒక్కసారి చప్పట్లు కొట్టి ప్రతినాదం పూర్తిగా అణగే దాకా రికార్డు చేయండి. కన్వల్యూషన్ రివర్బ్ సదుపాయం ఉన్న ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌కు ఆ నమూనాను అందిస్తే, మీ ఇంట్లో పలికించిన సంభాషణ ఆ గుమ్మటం కింద పలికినట్లే వినిపిస్తుంది. కాలదూరాన్ని సూచించడానికి హెచ్చు పౌనఃపున్యాలను మెట్లుమెట్లుగా కోయండి: యాభై ఏళ్ల నాటి గొంతును పాత టెలిఫోను తరహాలో సుమారు 3,400 హెర్ట్జ్ దగ్గర, మూడు వందల ఏళ్ల నాటి గొంతును అందులో సగానికి లోపుగా. 1925లో విద్యుత్ రికార్డింగు రాకముందు కొమ్ములోకి పాడి చేసిన గ్రామఫోను రికార్డులు ఎలా పలుకుతాయో నాలుగైదు వింటే చెవికి మంచి కొలత దొరుకుతుంది. 1902లో కలకత్తాలో రికార్డు చేసిన గాయని గౌహర్ జాన్ పాట చివర తన పేరు తానే ప్రకటించుకునేది; అవతలి కాలపు మనిషి తన పేరు చెప్పుకొని మాట ముగించడం మీ మార్గాల్లో కూడా ఆచారంగా పెట్టుకోవచ్చు, ఎందుకంటే ముఖం కనిపించని చోట మాట్లాడినది ఎవరో తేల్చేది ఆ పేరొక్కటే.

అచ్చు కథ అయితే ఈ పనిని వాక్యమే చేయాలి. గతం నుంచి వచ్చే మాటలను సంపూర్ణంగా రాయకండి. "...యన ఇంకా ...ఆ లే..." అని రాలిన అక్షరాలను రాలినట్లే ఉంచి, పాత్ర దాన్ని ఎలా పూరించుకున్నదో తర్వాతి వాక్యంలో చెప్పండి, పూరణ తప్పు కావచ్చునన్న అనుమానాన్ని పాఠకుడికి వదలండి. గది వర్ణనలో రంగులు తగ్గించి, అడుగుల చప్పుడు ఎంతసేపు నిలిచిందో, గబ్బిలాల రెక్కల సడి ఏ మూల నుంచి వచ్చిందో రాయండి.

చిత్తుప్రతి పూర్తయ్యాక దాన్ని ఇంకొకరి చేత గట్టిగా చదివించి, మీరు పక్క గదిలో తలుపు వేసుకొని కూర్చొని వినండి. గోడ అవతల నుంచి ఏ వాక్యాలు అర్థమవుతున్నాయో, ఏవి మూలుగుగా మాత్రమే వస్తున్నాయో గుర్తు పెట్టుకొని, గతం నుంచి వచ్చే సంభాషణలను ఆ గుర్తుల ప్రకారం తిరిగి రాయండి. మొదటి కథకు ఒక్క స్టేషను, ఒక్క దారి, ఒక్క కేక చాలు. పటంలోని తక్కిన స్టేషన్లను తర్వాతి కథలకు అట్టిపెట్టుకోండి.